చిన్న కేథలిక్ కాలేజీలో అడ్మిట్ వచ్చిందా? ముందు అది ఎవరు పెట్టారో, ఇప్పుడెవరి చేతిలో ఉందో చూడండి

మీ ప్రశ్న చదివాను. మీ అబ్బాయికి ఎంఎస్ కంప్యూటర్ సైన్స్‌కి అమెరికా నుంచి రెండు అడ్మిట్లు వచ్చాయి. ఒకటి మొత్తం రెండు వేలమంది కూడా లేని కేథలిక్ కాలేజీ, కొంత స్కాలర్‌షిప్ ఇస్తామంది. రెండోది స్టేట్ యూనివర్సిటీ, రూపాయి తగ్గించలేదు. అమీర్‌పేట కన్సల్టెన్సీ వాళ్ళు “మన బేగంపేట సెయింట్ ఫ్రాన్సిస్ లాంటిదే సార్, సిస్టర్స్ కాలేజీ, కళ్ళు మూసుకుని పంపండి” అన్నారు. మీ బావమరిదేమో అక్కడ మతం మార్చేస్తారంటున్నాడు. పక్కింటావిడ అలాంటి కాలేజీలు వరసగా మూతపడుతున్నాయని ఎక్కడో చదివిందట. ఈ ముగ్గురిలో ఎవరి మాట వినాలన్నారు.

పక్కింటావిడ మాట వినండి. ఆవిడ చెప్పినంత భయం అక్కర్లేదు గానీ, అడగాల్సిన ప్రశ్న అడిగింది ఆవిడ ఒక్కతే. నేను అమెరికా మిడ్‌వెస్ట్‌లో ఇలాంటి ఒక చిన్న కాలేజీ రిజిస్ట్రార్ ఆఫీసులో చాలా ఏళ్ళు పనిచేసి, రిటైరయ్యాక హబ్సిగూడ వచ్చేశాను. మీరు కాలేజీ పేరు రాయలేదు, రాసినా నేను ఒక్క మాటలో అవుననో కాదనో చెప్పేవాణ్ణి కాదు. మీరే తేల్చుకునే దారి చెబుతాను. ర్యాంకింగులు పక్కన పెట్టి, ఆ కాలేజీ వెబ్‌సైట్‌లో ‘మా చరిత్ర’ పేజీ తెరవండి. మన పిల్లలు ఫీజు పేజీ, కోర్సుల పేజీ, ఉద్యోగాల పేజీ చూస్తారు తప్ప దాని జోలికి వెళ్ళరు. నా దృష్టిలో మొదట చదవాల్సింది అదే. కాలేజీ ఎవరి డబ్బుతో, ఎవరి శ్రమతో నిలబడిందో, ఆ ఆసరా ఇప్పుడుందో పోయిందో అక్కడ తెలుస్తుంది.

మతం సంగతి ముందే తేల్చేస్తాను, అందులో పెద్దగా ఏమీ లేదు కాబట్టి. మన హైదరాబాదులో ఎంతమంది సెయింట్ ఆన్స్‌లోనో లిటిల్ ఫ్లవర్‌లోనో చదువుకోలేదు? కేథలిక్ పిల్లలు క్యాటకిజం (మత పాఠం) క్లాసుకు వెళ్తే మిగతావాళ్ళు మోరల్ సైన్స్‌కు వెళ్ళారు, ఇంటికొచ్చి వినాయక చవితి చేసుకున్నారు. అక్కడా అంతే. బ్యాచిలర్స్ పిల్లలకు చాలా కేథలిక్ కాలేజీల్లో థియాలజీయో ఫిలాసఫీయో ఒకటి రెండు కోర్సులు తప్పనిసరి. ఎంఎస్ కంప్యూటర్స్ వాళ్ళకు సాధారణంగా అదీ ఉండదు. క్లాసు గోడకు శిలువ ఉంటుంది, క్యాంపస్‌లో చాపెల్ (చిన్న ప్రార్థన మందిరం) ఉంటుంది, వెళ్ళమని ఎవరూ అనరు. మీ బావమరిదికి ఈ పేరా చూపించండి.

ఇక చరిత్ర. పందొమ్మిదో శతాబ్దంలో అమెరికాకు ఐర్లండ్, జర్మనీ, పోలండ్, ఇటలీల నుంచి కేథలిక్కులు లక్షల్లో వలస వెళ్ళారు. ప్రభుత్వ బడుల్లో ప్రొటెస్టెంట్ వాసన ఉందని వాళ్ళకు అనుమానం. 1884లో బాల్టిమోర్‌లో జరిగిన మూడో ప్లీనరీ కౌన్సిల్‌లో బిషప్పులు ప్రతి చర్చికీ పక్కన ఒక బడి ఉండాలని తీర్మానించారు. అన్ని బడులకు టీచర్లెక్కడ? సిస్టర్సే. కొన్నేళ్ళకు రాష్ట్ర ప్రభుత్వాలు టీచరుకు డిగ్రీ ఉండాలని పట్టుబట్టడం మొదలుపెట్టాయి. దాంతో ఒక్కో సిస్టర్స్ సంఘం తన వాళ్ళకు చదువు చెప్పుకోవడానికి తానే ఒక కాలేజీ పెట్టుకుంది. తర్వాత ఊళ్ళోని కేథలిక్ ఆడపిల్లల్నీ చేర్చుకుంది. మిల్వాకీలో ఫ్రాన్సిస్కన్ సిస్టర్స్ 1937లో పెట్టిన సెయింట్ క్లేర్ కాలేజీ పుట్టుక అచ్చంగా ఇదే. దానికే 1946లో కార్డినల్ స్ట్రిచ్ అని పేరు మార్చారు. సెయింట్ లూయిస్‌లో 1923లో మొదలైన ఫాంట్‌బాన్, ఒహాయోలో 1922లో మొదలైన నోటర్ డేమ్ కాలేజీ, ఆల్బనీలో 1920 నాటి సెయింట్ రోజ్ కూడా సిస్టర్స్ పెట్టినవే. ఒహాయో కాలేజీని పేరు చూసి ఇండియానాలోని పెద్ద నోటర్ డేమ్ యూనివర్సిటీ అనుకోకండి. ఆ పొరపాటు మన వాళ్ళు తరచూ పడుతుంటారు, కన్సల్టెన్సీలు కూడా దిద్దవు.

ఒక్కో సంఘానికి ఒక్కో కాలేజీ కాబట్టే ఇవి అన్ని ఉన్నాయి, అంత చిన్నవిగా ఉన్నాయి. ఒకే నగరంలో నాలుగైదు ఉండేవి. కలిపి ఒక పెద్ద కాలేజీ పెడదామని ఎవరూ అనుకోలేదు. ఎవరి సంఘం వాళ్ళది, ఎవరి పునీతురాలు వాళ్ళది.

అంత చిన్న కాలేజీలు అన్ని దశాబ్దాలు ఎలా నడిచాయి? హార్వర్డ్ లాంటి చోట్ల శతాబ్దాలుగా పేరుకున్న విరాళాల నిధి ఉంటుంది, దాని రాబడి పెద్ద ఆసరా. వీటికి అలాంటి నిధి లేదు. ఉన్నదల్లా సిస్టర్స్. పాఠం చెప్పేదీ వాళ్ళే, లైబ్రరీ చూసేదీ వాళ్ళే, ప్రిన్సిపాలూ వాళ్ళే. జీతం పేరుకే ఉండేది, అది కూడా తిరిగి కాలేజీకే జమయ్యేది. కాన్వెంట్‌లో తిండి, బట్ట సంఘం చూసుకునేది. ఫీజులు తక్కువగా ఉన్నా లెక్క సరిపోయేది.

1965లో అమెరికాలో దాదాపు 1,80,000 మంది సిస్టర్స్ ఉండేవారు. ఇప్పుడు 40,000 లోపే, అందులోనూ ఎక్కువమంది డెబ్బై దాటినవాళ్ళు. కేథలిక్ చర్చి పద్ధతుల్ని మార్చిన బిషప్పుల మహాసభ, రెండో వాటికన్ కౌన్సిల్, ముగిసింది కూడా 1965లోనే. ఆ తర్వాతి పదేళ్ళలో వేలమంది సంఘాలు వదిలి బయటికొచ్చారు, కొత్తగా చేరేవాళ్ళు తగ్గిపోయారు. ఒక సిస్టర్ రిటైరైనప్పుడల్లా ఆ స్థానంలో పూర్తి జీతం, హెల్త్ ఇన్సూరెన్స్, పెన్షన్ ఇవ్వాల్సిన ప్రొఫెసర్ వచ్చాడు. నా లెక్కలో ఈ కాలేజీల కష్టాల్లో సగం అక్కడే మొదలైంది. వింతేమిటంటే, అక్కడి చర్చిల్లో ఇప్పుడు పూజ చెప్పే ఫాదర్లలో మన తెలుగువాళ్ళు బోలెడుమంది ఉన్నారు. ఎడ్యుకేషన్ లోన్ లేకుండా అమెరికా వెళ్ళిన తెలుగువాళ్ళు వాళ్ళొక్కరేనేమో.

రెండో దెబ్బ సొంతవాళ్ళ నుంచే తగిలింది. మగపిల్లలకే పరిమితమైన పెద్ద కేథలిక్ యూనివర్సిటీలు తలుపులు తెరిచాయి. జార్జ్‌టౌన్ 1969లో, ఇండియానా నోటర్ డేమ్ 1972లో ఆడపిల్లల్ని డిగ్రీలో చేర్చుకోవడం మొదలుపెట్టాయి. అప్పటిదాకా సిస్టర్స్ కాలేజీకి వచ్చే చురుకైన అమ్మాయిలు అటు వెళ్ళిపోయారు. చిన్న కాలేజీలు తామూ అబ్బాయిల్ని చేర్చుకున్నాయి. కొన్ని పెద్దవాటిలో కలిసిపోయాయి. షికాగోలో సిస్టర్స్ 1930లో పెట్టిన మండలైన్ కాలేజీ 1991లో పక్కనే ఉన్న లయోలా యూనివర్సిటీలో కలిసింది అలాగే.

ఇప్పుడు మీ కన్సల్టెన్సీ ఆయన పోలిక చూద్దాం. సెయింట్ ఫ్రాన్సిస్‌ను ఇటలీలో పుట్టిన సిస్టర్స్ ఆఫ్ ఛారిటీ సంఘం 1959లో పెట్టింది. ఆల్వాల్ లయోలా అకాడమీని జెస్యూట్లు (ఒక కేథలిక్ ఫాదర్ల సంఘం) 1976లో పెట్టారు. పైకి చూస్తే అదే వరస, అదే శిలువ, అదే క్రమశిక్షణ. కానీ ఇక్కడ ఆ సంఘాలు ఇంకా బతికున్నాయి, కాలేజీ వాళ్ళ చేతిలోనే ఉంది. డిగ్రీ మీద ఉస్మానియా ముద్ర ఉంటుంది, సీటు కోసం జనం క్యూ కడతారు. అక్కడ సంఘం చాలాచోట్ల గౌరవ స్థానానికే పరిమితమైంది, నడిపేది మామూలు ట్రస్టీల బోర్డు. డిగ్రీ ఇచ్చేది కాలేజీయే, వెనక ఉస్మానియా లాంటిదేదీ ఉండదు. సీట్లు ఖాళీగా ఉంటాయి. అమెరికాలో జననాలు 2007 తర్వాత తగ్గుతూ వచ్చాయి, ఆనాటి పిల్లలే ఇప్పుడు కాలేజీ వయసుకొస్తున్నారు. కాబట్టి ‘సెయింట్ ఫ్రాన్సిస్ లాంటిదే’ అన్న మాట పునాదిరాయి వరకే నిజం.

మూతపడ్డవాటి జాబితా పక్కింటావిడ చదివింది నిజమే. ఓక్లండ్‌లో 1868 నాటి హోలీ నేమ్స్ 2023లో మూసేశారు. కార్డినల్ స్ట్రిచ్ కూడా 2023లోనే. 2024లో సెయింట్ రోజ్, ఒహాయో నోటర్ డేమ్, ఫిలడెల్ఫియా దగ్గరి కాబ్రీనీ. 2025లో ఫాంట్‌బాన్. మిషిగన్‌లో డొమినికన్ సిస్టర్స్ 1919లో పెట్టిన సియెనా హైట్స్ కూడా 2025-26 విద్యాసంవత్సరంతో ఆపేస్తున్నామని ప్రకటించింది. పెన్సిల్వేనియాలో రోజ్‌మాంట్ మాత్రం విలనోవా యూనివర్సిటీలో కలవడానికి ఒప్పందం చేసుకుంది.

మూసేశారా లేదా అన్నదాని కంటే ఎలా మూశారన్నది మీకు ముఖ్యం. కాబ్రీనీ ఏడాది ముందే చెప్పింది. ఆ ఏడాదిలో చాలామంది పూర్తి చేసుకున్నారు, మిగతావాళ్ళు వేరే చోట చూసుకున్నారు. కార్డినల్ స్ట్రిచ్ 2023 ఏప్రిల్‌లో చెప్పి మేలో తలుపులు వేసింది. ఎఫ్-1 (విద్యార్థి వీసా) మీద ఉన్న కుర్రాడికి ఈ రెండిటి మధ్య తేడా చాలా పెద్దది. కాలేజీ మూతపడేలోపు తన సేవిస్ రికార్డు (విదేశీ విద్యార్థుల మీద అమెరికా ప్రభుత్వం ఉంచే లెక్క) వేరే కాలేజీకి బదిలీ చేయించుకోవాలి. అంటే అప్పటికప్పుడు కొత్త అడ్మిషను, కొత్త ఐ-20 (వీసా కోసం కాలేజీ ఇచ్చే పత్రం), బహుశా కొత్త ఊరు. మాస్టర్స్‌లో పాత క్రెడిట్లన్నీ కొత్త కాలేజీ ఒప్పుకోదు, సాధారణంగా కొన్నే తీసుకుంటుంది. కట్టిన ఫీజులో కొంత గాలికిపోయినట్టే, లోన్ మీద వడ్డీ మాత్రం ఆగదు. అమెరికన్ విద్యార్థికి ఫెడరల్ లోన్ మాఫీ లాంటి దారులు కొన్ని ఉంటాయి. మన బ్యాంకుకు కాలేజీ ఉన్నా ఒకటే, పోయినా ఒకటే.

అలాగని అన్నీ పోలేదు. నిలబడ్డవాటి చరిత్ర చూస్తే అవి ఎక్కడో ఒక మలుపు తిరిగాయి, ఆ మలుపేమిటో మీరు పట్టుకోవాలి. మన పిల్లలకు బాగా తెలిసిన పేర్లే చెబుతాను. వెబ్‌స్టర్‌ను లొరెటో సిస్టర్స్ 1915లో సెయింట్ లూయిస్ దగ్గర పెట్టారు. 1967లో దాన్ని చర్చితో సంబంధం లేని బోర్డుకు అప్పగించారు, అప్పటి ప్రెసిడెంట్ సిస్టర్ జాక్వెలిన్ గ్రెనన్ తన సంఘాన్ని కూడా వదిలేశారు. ఇవాళ అక్కడ చదివే తెలుగు పిల్లల్లో ఎంతమందికి అది ఒకప్పుడు సిస్టర్స్ కాలేజీ అని తెలుసో! ఇల్లినాయ్‌లోని లూయిస్ 1932లో విమాన విద్య నేర్పే టెక్నికల్ స్కూలుగా మొదలైంది, 1960లో డి లా సాల్ బ్రదర్స్ అనే కేథలిక్ సంఘం చేతికొచ్చింది. టెక్నికల్ చదువు దాని పుట్టుకలోనే ఉంది. న్యూ హాంప్‌షైర్‌లో రివియర్ 1933లో ఆడపిల్లల కాలేజీగా మొదలై 1991లో అబ్బాయిల్ని చేర్చుకుంది, 2012లో యూనివర్సిటీ అని పేరు పెట్టుకుంది. జెర్సీ సిటీలోని సెయింట్ పీటర్స్ ఇంకా చిత్రం. 1872లో జెస్యూట్లు పెట్టారు, మొదటి ప్రపంచయుద్ధంలో 1918లో మూతపడింది, 1930లో మళ్ళీ తెరిచారు. ఇవి మంచివనో చెడ్డవనో చెప్పడం లేదు, చరిత్ర ఎలా చదవాలో చూపిస్తున్నాను.

చదివేటప్పుడు నేను ప్రత్యేకంగా చూసేది ఒకటుంది. మీ అబ్బాయి చేరబోయే కోర్సు ఆ చరిత్రలో ఎక్కడ వస్తుంది? చిన్న కేథలిక్ కాలేజీల అసలు బలం నర్సింగ్, టీచర్ ట్రైనింగ్, సోషల్ వర్క్, బ్యాచిలర్స్ స్థాయి పాఠం. ఇరవై మంది క్లాసు, పేరుపెట్టి పిలిచే ప్రొఫెసరు. అది నిజంగా గొప్ప చదువు, నా కళ్ళతో చూశాను. కానీ ఎంఎస్ డేటా సైన్స్, ఎంఎస్ సైబర్ సెక్యూరిటీ లాంటివి చాలాచోట్ల నిన్నగాక మొన్న వచ్చినవి. బ్యాచిలర్స్ సీట్లు నిండక, ఆ లోటు పూడ్చడానికి తెచ్చినవి. ఆ క్లాసులో ఇరవై మంది ఉండరు, ఎనభై మంది ఉంటారు, అందరూ మన దిల్‌సుఖ్‌నగర్, వరంగల్, విజయవాడ పిల్లలే. చెప్పేది సాయంత్రం వచ్చి వెళ్ళే పార్ట్‌టైమ్ ఫ్యాకల్టీ. బ్రోషర్‌లో చెప్పేది నూరేళ్ళ చరిత్ర, మీరు డబ్బు కట్టేది దానితో సంబంధం లేని కోర్సుకు. డిపార్ట్‌మెంట్‌లో ఫుల్‌టైమ్ ప్రొఫెసర్లు ఎందరో వెబ్‌సైట్‌లో పేర్లు లెక్కపెట్టండి. బ్యాచిలర్స్‌లో కూడా అదే సబ్జెక్టు ఏళ్ళ తరబడి నడుస్తుంటే నాకు ధైర్యం. ఎంఎస్ మాత్రమే ఉండి బ్యాచిలర్స్ లేకపోతే అనుమానం.

విదేశీ ఎంఎస్ ఫీజు మీదే బతికే కాలేజీకి ఇంకో గండం ఉంది. 2023-24లో అమెరికాలో మన దేశ విద్యార్థులు 3,31,000 దాటి చైనాను మించిపోయారు. తర్వాత గాలి మారింది. 2025 మే చివర్లో కొన్ని వారాలు కొత్త వీసా స్లాట్లే ఆపేశారు. ఆ ఫాల్‌లో (ఆగస్టు ప్రాంతంలో మొదలయ్యే సెమిస్టర్) కొత్తగా చేరిన విదేశీ విద్యార్థులు 17 శాతం తగ్గారని ఐఐఈ అనే అమెరికా విద్యా సంస్థ సర్వే తేల్చింది. షికాగో డీపాల్ అమెరికాలోనే అతిపెద్ద కేథలిక్ యూనివర్సిటీల్లో ఒకటి, అది కూడా విదేశీ విద్యార్థులు పడిపోయారని ఖర్చులు కోసుకుంది. అంత పెద్దదే తట్టుకోలేకపోతే రెండు వేలమంది కాలేజీ సంగతి మీరే ఊహించండి. నానక్‌రామ్‌గూడ కాన్సులేట్‌లో వీసాలు ఎక్కువ రిజెక్టయితే అక్కడెక్కడో ఒక కాలేజీ బడ్జెట్ తలకిందులవుతుంది.

ఇక లెక్కలు. పిల్లనిచ్చేటప్పుడు అటువైపు అప్పులెన్నో ఊరంతా ఆరా తీస్తాం, నలభై లక్షలు కట్టే కాలేజీ అప్పులు మాత్రం అడగం. అక్కడ అడగక్కర్లేదు, బయటే పెడతారు. లాభాపేక్ష లేని కాలేజీలు ఫారం 990 అని ఏటా పన్ను శాఖకు లెక్క ఇస్తాయి. ప్రోపబ్లికా అనే సంస్థ వాటిని ఉచితంగా వెబ్‌సైట్‌లో పెడుతుంది. కాలేజీ పేరు కొట్టి, వరసగా నాలుగైదేళ్ళ ఆదాయం, ఖర్చు పక్కపక్కన రాసుకోండి. ఒక ఏడాది లోటు ఎవరికైనా వస్తుంది, ప్రతి ఏడాదీ లోటుంటే ఆ కాలేజీ ఆస్తి అమ్ముకుని నడుస్తోందని అర్థం. నికర ఆస్తిలో దాతలు షరతు పెట్టిన సొమ్ము వేరు, స్వేచ్ఛగా వాడుకోగలిగింది వేరు. రెండోదే చూడండి, చాపెల్ కోసం ఇచ్చిన విరాళంతో జీతాలివ్వడం కుదరదు. ఈ లెక్క ఒకటి రెండేళ్ళు వెనకబడి ఉంటుందని గుర్తుంచుకోండి.

అమెరికా విద్యాశాఖ ప్రైవేటు కాలేజీలకు ఆర్థిక ఆరోగ్యం మీద మార్కులు కూడా వేస్తుంది. మైనస్ 1 నుంచి 3 దాకా ఉంటాయి, 1.5 గానీ అంతకంటే ఎక్కువ గానీ వస్తే పాస్. దానికంటే తక్కువుంటే నేనైతే డిపాజిట్ కట్టను. ఆ శాఖదే కాలేజ్ నావిగేటర్ అనే సైటుంది. అందులో బ్యాచిలర్స్ ఎందరు, మాస్టర్స్ ఎందరు, మొదటి ఏడాది తర్వాత ఎందరు మిగులుతున్నారో ఉంటుంది. బ్యాచిలర్స్ సంఖ్య ఏటా తగ్గుతూ మాస్టర్స్ ఒక్కసారిగా ఉబ్బితే నేను పైన చెప్పిన జబ్బు అదే. కాలేజీకి గుర్తింపు ఇచ్చే సంస్థ సైటు కూడా చూడండి. ఇల్లినాయ్, మిస్సోరి వైపైతే హయ్యర్ లెర్నింగ్ కమిషన్. కాలేజీ ‘ప్రొబేషన్’ మీదో ‘నోటీస్’ మీదో (రెండూ హెచ్చరికలే) ఉంటే అక్కడ రాసి ఉంటుంది. కన్సల్టెన్సీ ఆయన మీకు చెప్పడు, ఆయనకు కమిషన్ వచ్చేది పిల్లాడు చేరితేనే.

స్కాలర్‌షిప్ గురించి ఒక్క మాట. బ్యాచిలర్స్‌లో చిన్న ప్రైవేటు కాలేజీలు రాసిన ఫీజులో సగానికి సగం తగ్గించి ఇస్తాయి, రాసిన ధర కట్టేవాళ్ళు తక్కువ. ఎంఎస్‌లో ఇచ్చే రెండు మూడు వేల డాలర్ల ‘మెరిట్’ కూడా చాలాచోట్ల అందరికీ వచ్చేదే. మీ అబ్బాయి స్నేహితులకు ఎంత వచ్చిందో కనుక్కోండి, అందరికీ ఒకటే అయితే దాన్ని తగ్గింపు ధర కిందే లెక్కేయండి. స్టేట్ యూనివర్సిటీ మొత్తం ఖర్చుతో అసలు ధర పోల్చండి, ఊరి అద్దెతో సహా.

నా ఉద్దేశం అడిగారు కాబట్టి చెబుతాను. ఇల్లు తాకట్టు పెట్టి పంపుతున్నట్టయితే, ఖర్చులో తేడా ఐదారు లక్షల లోపే ఉంటే, స్టేట్ యూనివర్సిటీకే పంపండి. దానికి వెనక రాష్ట్ర ప్రభుత్వం ఉంటుంది, ఏప్రిల్‌లో చెప్పి మేలో మూసెయ్యడం జరగదు. తేడా పది లక్షలు దాటి, ఈ కాలేజీ లెక్కలు పైన చెప్పిన పరీక్షల్లో నిలబడి, డిపార్ట్‌మెంట్‌లో నాలుగైదుగురు ఫుల్‌టైమ్ వాళ్ళుంటే, చిన్న కాలేజీ అని వెనక్కి తగ్గకండి. మీ అమ్మాయి ఇంటర్ చదువుతోందని రాశారు. ఆమె రేపు నర్సింగ్‌కో సైకాలజీకో బ్యాచిలర్స్‌కు వెళ్తానంటే మాత్రం నా సలహా తిరగబడుతుంది, అప్పుడు గట్టిగా నిలబడ్డ చిన్న కేథలిక్ కాలేజీనే ముందు చూడమంటాను.

డిపాజిట్ కట్టేముందు మీ అబ్బాయి చేత అడ్మిషన్స్ ఆఫీసుకు మెయిల్ రాయించండి, కన్సల్టెన్సీ ద్వారా కాదు, సొంతంగా. ఈ కోర్సు ఏ ఏడాది మొదలైంది, ఫుల్‌టైమ్ ఫ్యాకల్టీ ఎందరు, మొత్తం విద్యార్థుల్లో విదేశీయులు ఎంత శాతం, కాలేజీ మూతపడితే విద్యార్థులు వేరే చోట పూర్తి చేసుకునేలా ఏ యూనివర్సిటీతోనైనా ఒప్పందం ఉందా, వీసా రాకపోతే డిపాజిట్ ఎంత తిరిగిస్తారు. మంచి కాలేజీ వారంలోపు సూటిగా జవాబిస్తుంది. బ్రోషర్ లింకు పంపి ఊరుకుంటే ఆ మెయిల్ ఇక్కడ పెట్టండి, కాలేజీ పేరు కూడా చెప్పండి, 990 నేనే తీసి చూస్తాను.